మా తోటలోకి కరెంటు లైను జరుపుతున్నారు, ఆపగలమా?

ప్రశ్న: లాయరు గారికి నమస్కారం. ఊరి పొలిమేరలో మాకు రెండున్నర ఎకరాల మామిడి తోట ఉంది, చెట్లు బాగా కాపుమీద ఉన్నాయి. పక్కనున్న భూమి ఒకాయన కొని వెంచర్ వేశాడు. ఆ భూమి నడిమధ్య నుంచి ఎన్నో ఏళ్లుగా 33 కేవీ లైను పోతోంది, అది ఉందని తెలిసే కొన్నాడు. ఇప్పుడు ప్లాట్లకు అడ్డం వస్తోందని లైన్ షిఫ్టింగ్‌కు డబ్బు కట్టాడట, కొత్త లైను మా తోటలోంచి వేస్తారట. అన్నీ ‘అట’లే, ఎందుకంటే మాకెవరూ ఒక్క కాగితం ముక్క ఇవ్వలేదు. పొద్దున్నే నీళ్లు పెట్టడానికి పోతే మామిడి సాళ్ల మధ్య సున్నంతో గుర్తులు, ఒక్కో గుర్తు మీద చెక్క మేకు కనబడ్డాయి. కరెంటు ఆఫీసు ఏఈ (అసిస్టెంట్ ఇంజినీర్) గారిని అడిగితే ‘శాంక్షన్ అయిపోయింది, పార్టీ డబ్బు కట్టేశాడు, నా చేతిలో ఏమీ లేదు’ అన్నారు. కాంట్రాక్టర్ మనిషేమో ‘గవర్నమెంటు పని, అడ్డమొస్తే కేసు పెడతారు’ అని బెదిరిస్తున్నాడు. మా తమ్ముడు మేకులన్నీ పీకి పారేద్దామంటున్నాడు. ఇంట్లో అందరికీ టెన్షన్‌గా ఉంది. కోర్టుకు పోతే ఆగుతుందా, లేక ఇచ్చిందేదో తీసుకుని ఊరుకోవాలా?
(పేరు రాయవద్దన్న రైతు, తెలంగాణ)

జవాబు: ముందు మీ తమ్ముణ్ని ఆపండి. మేకులు పీకితే లైను ఆగదు, మీ కేసు మాత్రం బలహీనపడుతుంది. ఇప్పటివరకు చెప్పాపెట్టకుండా పట్టా భూమిలోకి వచ్చింది వాళ్లు, ఆ పేరు మీరు తెచ్చుకోకండి. ఆ మేకులను ఫోన్‌తో ఫొటోలు తీసి పెట్టుకోండి, పక్కన చెట్లూ వెనకాల వెంచర్ ప్రహరీ కనబడేటట్టు, తేదీ పడేటట్టు. రేపు ‘మేమసలు అటువైపే రాలేదు’ అన్న మాట వచ్చినప్పుడు ఆ ఫొటోలే మాట్లాడతాయి.

ఇక కాంట్రాక్టర్ మనిషి అన్న ‘గవర్నమెంటు పని’ సంగతి. దాంట్లో సగమే నిజం. కరెంటు సంస్థ ఒక ప్రైవేటు భూమిలో స్తంభం పాతడానికి చట్టంలో రెండు దారులున్నాయి, మీ కేసు మొత్తం వాళ్లు ఏ దారిన వస్తున్నారన్న దాని మీదే ఆధారపడి ఉంది. ఇది తేల్చుకోకుండా కోర్టుకు పరుగెత్తి, అవతలి పక్షం ఒక్క కాగితం తీసి చూపించగానే చేతులెత్తేసిన వాళ్లను నేను చూశాను.

మొదటి దారి విద్యుత్ చట్టం, 2003లోని సెక్షన్ 67, దాని కింద కేంద్రం తెచ్చిన వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ రూల్స్, 2006. ఈ రూల్స్‌లో 3వ రూలు మీలాంటి వాళ్లకు బంగారం లాంటిది. భూమి మీద తీగలు లాగాలన్నా, స్తంభం పాతాలన్నా ముందుగా యజమాని సమ్మతి గానీ, ఆ భూమి ఎవరి స్వాధీనంలో ఉందో వాళ్ల సమ్మతి గానీ తీసుకోవాలి. యజమాని ఒప్పుకోకపోతే సంస్థ తనంతట తాను ముందుకు పోకూడదు, జిల్లా మేజిస్ట్రేట్ అంటే మన కలెక్టర్ దగ్గర, లేదా పోలీస్ కమిషనర్ దగ్గర, లేదా ప్రభుత్వం అధికారమిచ్చిన వేరే అధికారి దగ్గర రాతపూర్వక అనుమతి తెచ్చుకోవాలి. అక్కడితో అయిపోలేదు. లైను వేశాక కూడా తగిన కారణం చూపిస్తే, దాన్ని తీసేయమనో మార్చమనో ఆదేశించే అధికారం అదే రూలు కింద కలెక్టర్‌కు ఉంది. పరిహారం ఎంతో, ఏటా అద్దె ఎంతో, లేక రెండూ ఎంతెంతో కలెక్టరే నిర్ణయిస్తారు. ఆ ఆర్డరు నచ్చకపోతే రాష్ట్ర విద్యుత్ నియంత్రణ మండలి దగ్గర రివిజన్, అంటే దాన్ని మళ్లీ పరిశీలించమనే దరఖాస్తు, వేసుకోవచ్చు.

రెండో దారి సెక్షన్ 164. దీని కింద ప్రభుత్వం రాతపూర్వక ఉత్తర్వుతో ఏదైనా విద్యుత్ సంస్థకు 1885 నాటి ఇండియన్ టెలిగ్రాఫ్ చట్టంలోని అధికారాలు కట్టబెట్టవచ్చు. ఆ అధికారం ఉన్న సంస్థకు మీ ముందస్తు సమ్మతితో పని లేదు. పవర్‌గ్రిడ్‌కూ సెంచురీ టెక్స్‌టైల్స్‌కూ మధ్య నడిచిన కేసులో 2016 డిసెంబరులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. ఆ కంపెనీ తన సున్నపురాయి గనుల భూమిలోంచి లైను పోవడాన్ని సవాలు చేసింది, సమ్మతి తీసుకోలేదని వాదించింది, ఓడిపోయింది. 2006 రూల్స్‌లోనే ‘సెక్షన్ 164 కింద వచ్చిన అధికారాలకు ఇది అడ్డు కాదు’ అని రాసి ఉంది, కోర్టు దాన్నే ఎత్తిచూపింది. టెలిగ్రాఫ్ చట్టం పోయి 2023లో కొత్త టెలికమ్యూనికేషన్స్ చట్టం వచ్చింది కదా అని కొందరు అడుగుతున్నారు. విద్యుత్ లైన్ల వరకు పాత చట్టంలోని మూడో భాగం కొనసాగుతుందని కొత్త చట్టంలోనే రాశారు, కాబట్టి అటునుంచి ఆశ పెట్టుకోవద్దు.

మరి మీది ఏ దారి? 33 కేవీ లైను అంటే పంపిణీ సంస్థది. పెద్ద టవర్ల లైన్లు వేసే ట్రాన్స్‌మిషన్ సంస్థలకు 164 ఉత్తర్వు ఉండటం మామూలే. పంపిణీ సంస్థ విషయంలో మాత్రం ఉందని మీరే అనుకోకండి, వాళ్లను చూపించమనండి. సమాచార హక్కు కింద పది రూపాయలతో దరఖాస్తు పెట్టి ఈ కాగితాలు అడగండి: లైను జరపమని దరఖాస్తు ఎవరు పెట్టారు, ఎస్టిమేట్ శాంక్షన్ ప్రొసీడింగ్స్ కాపీ, కొత్త రూటు స్కెచ్, ఎంత డిపాజిట్ కట్టారు, మీ సర్వే నంబరులో పనికి కలెక్టర్ అనుమతి ఉందా, సెక్షన్ 164 కింద ఉత్తర్వు ఉంటే దాని కాపీ. శాంక్షన్ కాగితం వెనక పేజీల్లో ఉండే షరతులు జాగ్రత్తగా చదవండి. ఇలాంటి డిపాజిట్ కంట్రిబ్యూషన్ పనుల్లో, అంటే అడిగినవాడే ఖర్చు కట్టే పనుల్లో, వే లీవ్ (ఇతరుల భూమి మీదుగా లైను పోనిచ్చే అనుమతి) సమస్యలొస్తే దరఖాస్తుదారుడే తీర్చుకోవాలి అన్న వాక్యం చాలాసార్లు ఉంటుంది. అది ఉంటే ‘నా చేతిలో ఏమీ లేదు’ అన్న ఏఈ గారి మాట కాగితం మీద నిలబడదు. శాంక్షన్ అంటే వాళ్ల పైఅధికారి వాళ్లకిచ్చిన అనుమతి. అది మీ భూమిలోకి రావడానికి మీరిచ్చిన అనుమతి కాదు గదా. మన ఆఫీసుల్లో ‘శాంక్షన్ అయిపోయింది’ అన్న ఒక్క ముక్క చెబితే చాలు, ఎదుటివాడు వాదించడం మానేసి ఇంటికి వెళ్లిపోతాడని ఒక నమ్మకం.

సమాచార హక్కు కింద జవాబివ్వడానికి వాళ్లకు 30 రోజుల గడువుంటుంది. గుంత తవ్వే ట్రాక్టర్‌కు ఒక్క పూట చాలు. అందుకని ఆ జవాబు కోసం కూర్చోకుండా అభ్యంతరం ఈ రోజే రాసి పంపండి. కరెంటు సంస్థ డీఈ (డివిజనల్ ఇంజినీర్) ఆపరేషన్స్‌కూ ఎస్ఈ (సూపరింటెండింగ్ ఇంజినీర్)కీ ఒక్కో కాపీ, కలెక్టర్ గారికి ఒక కాపీ, అన్నీ రిజిస్టర్డ్ పోస్టులో అక్నాలెడ్జ్‌మెంటుతో. సోమవారం ప్రజావాణిలో కూడా ఒకటి ఇచ్చి రసీదు తీసుకోండి. కథంతా రాయనక్కర్లేదు, అవతలివాడు ఎంత దుర్మార్గుడో అసలే రాయనక్కర్లేదు. ఇలా ఉంటే చాలు: ‘ఫలానా సర్వే నంబరులోని నా పట్టా భూమిలో స్తంభాలు పాతడానికి గానీ తీగలు లాగడానికి గానీ నేను సమ్మతి ఇవ్వలేదు, ఇవ్వడం లేదు. ఈ పని ఒక ప్రైవేటు లేఅవుట్ సౌకర్యం కోసం జరుగుతున్న లైన్ షిఫ్టింగ్. వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ రూల్స్, 2006లోని రూల్ 3 ప్రకారం నా అభ్యంతరం విని, జిల్లా మేజిస్ట్రేట్ గారు రాతపూర్వకంగా ఆదేశించే వరకు నా భూమిలో ఏ పనీ చేపట్టవద్దని కోరుతున్నాను.’ పాసుపుస్తకం కాపీ, టీపన్ (సర్వే కొలతల పటం) నకలు, ఫొటోలు జత చేయండి. ఇది స్తంభం లేవకముందు వాళ్లకు చేరడం, లేచాక చేరడం, ఈ రెంటికీ కోర్టులో చాలా తేడా ఉంటుంది.

ఇంకోటి, ఈ మధ్యలో ఎవరైనా ‘సంతకం పెట్టండి, పరిహారం ఫారం’ అని తెల్లకాగితమో సగం నింపిన కాగితమో తెస్తే పెట్టొద్దు. మీ ఇంట్లో పెద్దవాళ్లకూ చెప్పి ఉంచండి. పట్టా మీ నాన్నగారి పేరున ఉంటే వాళ్లు నేరుగా ఆయన దగ్గరికే పోతారు, మీరు లేని టైం చూసి.

మీ అభ్యంతరానికి అసలు బలం ఎక్కడుందో చెబుతాను. ఊరికి కొత్త సబ్‌స్టేషన్ వస్తుంటే, దానికి లైను కావాల్సి వస్తే కలెక్టర్ ప్రజాప్రయోజనం వైపు మొగ్గుతారు, కోర్టులూ అంతే. రూటు ఎటు పోవాలన్నది ఇంజినీర్లు తేల్చే విషయమని, దురుద్దేశమో పద్ధతి తప్పడమో కనబడితేనే జోక్యం చేసుకుంటామని చెబుతాయి. కానీ మీ దగ్గర కొత్తగా కరెంటు ఎవరికీ రావడం లేదు. ఉన్న లైనే ఒకరి భూమిలోంచి ఇంకొకరి భూమిలోకి పోతోంది, ఆయన ప్లాట్ల రేటు పెరగడానికి. కాబట్టి కలెక్టర్ ముందు అడగాల్సిన ప్రశ్న ఒక్కటే: ఆయన లైను ఆయన వెంచర్‌లోనే ఎందుకు జరుపుకోకూడదు? లేఅవుట్ అన్నాక రోడ్లుంటాయి. 33 కేవీ తీగకూ కట్టడానికీ మధ్య పక్కవైపు 2 మీటర్లు, పైనుంచి 3.7 మీటర్లు దూరం ఉండాలని సేఫ్టీ నిబంధనలు చెబుతాయి. రోడ్డు వారగా స్తంభాలు వేస్తే ఆ దూరం దొరుకుతుందో లేదో వెంచర్ బ్రోచర్‌లో ఉన్న ప్లాన్ చూస్తేనే తెలిసిపోతుంది. అదీ కాదంటే భూమిలోపల కేబుల్ వేసుకోవచ్చు, ఖర్చు ఎక్కువవుతుంది, ఆయనకే. ఆ బ్రోచర్ ఒకటి సంపాదించి, ప్రత్యామ్నాయ రూటు ఎర్ర పెన్నుతో గీసి మీ అర్జీకి జత చేయండి. వద్దు అని మాత్రమే అనేవాళ్ల కంటే ఇటు పోవచ్చు అని చూపించేవాళ్ల మాట అధికారులు ఎక్కువ వింటారు.

ఇక కోర్టు. అభ్యంతరం చేరాక కూడా పని మొదలుపెడితే రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద హైకోర్టులో రిట్ వేయండి. ‘లైను ఎప్పటికీ రాకూడదు’ అని అడిగితే అది దొరకడం కష్టం. ‘నా సమ్మతి లేకుండా, కలెక్టర్ అనుమతి లేకుండా పని చేస్తున్నారు, రూల్ 3 పాటించే వరకు ఆపండి’ అని అడిగితే కోర్టు ముందు ఒక చిన్న, స్పష్టమైన ప్రశ్న ఉంటుంది. ఆస్తి హక్కు ప్రాథమిక హక్కు కాకపోయినా ఆర్టికల్ 300ఎ కింద రాజ్యాంగ హక్కే, చట్టం చెప్పిన పద్ధతిలో తప్ప దాన్ని తాకకూడదు. ఊళ్లోని సివిల్ కోర్టులో ఇంజంక్షన్ (పని ఆపమనే ఉత్తర్వు) కోసం దావా వేద్దామని కొందరు సలహా ఇస్తారు. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టానికి 2018లో చేసిన సవరణతో సెక్షన్ 41లో ఒక కొత్త క్లాజు చేరింది, మౌలిక సదుపాయాల ప్రాజెక్టులకు ఆలస్యం చేసే ఇంజంక్షన్ ఇవ్వకూడదని. విద్యుత్ పంపిణీ కూడా ఆ జాబితాలో ఉంది. వెంచర్ కోసం నాలుగు స్తంభాలు జరపడం ‘మౌలిక సదుపాయాల ప్రాజెక్టు’ ఎలా అవుతుందని మీ వకీలు గట్టిగానే వాదించవచ్చు, కానీ అవతలివాళ్లు మొదటి రోజే ఆ క్లాజు చదువుతారని తెలిసి వెళ్లండి. రిట్ అయినా దావా అయినా తీగల్లో కరెంటు వదిలాక వేస్తే విలువ సగం పోతుంది. ఇన్నాళ్లు ఏం చేశారన్నదే జడ్జి గారి మొదటి ప్రశ్న అవుతుంది.

అన్నీ చేసినా కలెక్టర్ విని, లైను మీ తోటలోంచే పోవాలని అనుమతి ఇస్తే? ఆ తర్వాత అడ్డుపడటం తప్పవుతుంది, రివిజనో రిట్టో వేసుకోవాలి గానీ ట్రాక్టర్ ముందు పడుకోకూడదు. పరిహారం మాత్రం వదలొద్దు. 33 కేవీకి తీగల కింద 15 మీటర్ల వెడల్పు పట్టీని కారిడార్‌గా లెక్కేస్తారు. మీ తోటలో లైను 100 మీటర్ల పొడవున పోతే 1500 చదరపు మీటర్లు, అంటే దాదాపు 15 గుంటలు తీగల కిందికి వస్తుంది. ఆ మేర మామిడి చెట్లను కొట్టేయాలి, లేదా ఏటా నరుకుతూ ఉండాలి. స్తంభం పాతిన నాలుగడుగులకే లెక్కకట్టి చేతిలో పెడితే ఒప్పుకోవద్దు. లైను రాకముందు నుంచీ ఉన్న చెట్టుకు పరిహారం ఇవ్వాలని విద్యుత్ చట్టం సెక్షన్ 68లోనే ఉంది. భూమి విలువ తగ్గడం వేరే లెక్క. కేరళ విద్యుత్ బోర్డుకూ లివిషాకూ నడిచిన కేసులో 2007లో సుప్రీంకోర్టు ఈ లెక్క ఒకే మూసలో పోయడం కుదరదంది: భూమి ఎక్కడుంది, లైను ఎంత మేర పోతోంది, వారగా పోతోందా నడిమధ్య నుంచి పోతోందా, ఇవన్నీ చూడాలంది. చెట్లు ఎన్ని, ఏ రకం, వయసెంత, కాపెంత అన్నది హార్టికల్చర్ ఆఫీసర్‌తో ఇప్పుడే రాయించి పెట్టుకోండి. చెట్లు కొట్టేశాక మొద్దులు చూపించి కాపు లెక్క చెప్పడం చాలా కష్టం. అర్జీలో ‘నా అభ్యంతరానికి భంగం లేకుండా, ఒకవేళ అనుమతి ఇస్తే ఈ పరిహారం ఇప్పించండి’ అని రాస్తే ఒప్పుకున్నట్టు కాదు.

ప్రశ్న: 400 కేవీ టవర్ల లైను మొదట మా ఊరి ప్రభుత్వ బంజరులోంచి సర్వే చేశారు, తర్వాత రూటు మార్చి మా మాగాణిలోకి తెచ్చారు. ఒక టవర్ మా పొలంలోనే లేస్తుంది. మార్చడానికి కారణం చెప్పమంటే ‘టెక్నికల్’ అంటున్నారు. దీన్ని సవాలు చేయవచ్చా? పరిహారం ఎంత రావాలి?
(ఒక పాఠకురాలు, ఆంధ్రప్రదేశ్)

జవాబు: అమ్మా, మీది పైన చెప్పిన రెండో దారి అయ్యే అవకాశమే ఎక్కువ. 400 కేవీ వేసే సంస్థ దగ్గర సాధారణంగా సెక్షన్ 164 ఉత్తర్వు ఉంటుంది. ఉంటే సమ్మతి అన్న వాదన నడవదు. రూటు మార్పును మాత్రం అడగొచ్చు: మొదటి సర్వే రూటు, మార్చిన రూటు, మార్చమని ఎవరు రాశారు, ఆ నోట్ ఫైల్ కాపీ. బంజరు పక్కన ఎవరి ఎస్టేటో ఉండి, వాళ్లు రాసిన ఉత్తరం మీదే రూటు వంగిందని ఫైల్లో బయటపడితే అది కేసు. చెరువో గుట్టో కొత్తగా కట్టిన బడో అడ్డమొచ్చి వంగితే అది కేసు కాదు, మీ డబ్బు, టైం దండగ చేసుకోకండి. మీరు అడ్డుకుంటే సంస్థ టెలిగ్రాఫ్ చట్టం సెక్షన్ 16 కింద కలెక్టర్ దగ్గరికి పోయి ఆర్డరు తెచ్చుకుంటుంది. ఆ విచారణకు పిలిచినప్పుడు తప్పకుండా వెళ్లండి, మీ మాట రికార్డులోకి ఎక్కే చోటు అది.

పరిహారం సంగతి. కేంద్ర విద్యుత్ శాఖ 2015 అక్టోబరులో ఇచ్చిన మార్గదర్శకాల్లో టవర్ కింద భూమికి విలువలో 85 శాతం, తీగల కింది కారిడార్‌కు గరిష్ఠంగా 15 శాతం అని ఉండేది. 2024 జూన్ 14న అవి మారాయి. ఇప్పుడు టవర్ స్థలానికి భూమి విలువలో 200 శాతం, కారిడార్‌కు 30 శాతం, 66 కేవీ, అంతకు పైబడిన ట్రాన్స్‌మిషన్ లైన్లకు. టవర్ స్థలమంటే నాలుగు కాళ్ల మధ్య చోటు ఒక్కటే కాదు, చుట్టూ మీటరు కలిపి. ఉదాహరణకు కాళ్ల మధ్య 15 మీటర్లుంటే 17 ఇంటూ 17, 289 చదరపు మీటర్లు, అంటే ఏడు సెంట్లకు కాస్త పైన. ఎకరం 20 లక్షలనుకుంటే టవర్‌కు రెండు లక్షల 85 వేల దాకా వస్తుంది. అసలు డబ్బు కారిడార్‌లో ఉంది, చాలామంది టవర్ గురించే కొట్లాడి అది మరిచిపోతారు. 400 కేవీకి 46 మీటర్ల వెడల్పు తీసుకుంటే, మీ పొలంలో వంద మీటర్ల పొడవుకే ఎకరం దాటిపోతుంది, అదే 20 లక్షల లెక్కన 30 శాతమంటే ఆరు లక్షల 80 వేల పైచిలుకు. పంట నష్టం దీనికి అదనంగా అడగాలి. ఒక్క మెలిక ఉంది: ఇవి కేంద్రం మార్గదర్శకాలు, రాష్ట్రాలు వీటిని ఉన్నవున్నట్టు తీసుకోవచ్చు, మార్చుకోవచ్చు. మీ లైనుకు ఏ ఉత్తర్వు వర్తిస్తుందో కలెక్టరేట్‌లో రాతపూర్వకంగా అడగండి. విలువ రిజిస్ట్రేషన్ ఆఫీసు రేటు ప్రకారం కట్టి, బయట రేటు దానికి మూడింతలుంటే, చుట్టుపక్కల ఈమధ్య జరిగిన రిజిస్ట్రేషన్ల నకళ్లు తీసి చూపించండి.

ఇచ్చింది చాలదనుకుంటే సెక్షన్ 16(3) కింద జిల్లా జడ్జి దగ్గర పిటిషన్ వేయాలి, కలెక్టర్ చుట్టూ తిరిగి లాభం లేదు. గడువు గుర్తుంచుకోండి, మూడేళ్లు. కేరళ విద్యుత్ బోర్డుకూ కున్హాలియుమ్మకూ మధ్య 1976లో వచ్చిన సుప్రీంకోర్టు తీర్పు ఇలాంటి పిటిషన్లకు కూడా లిమిటేషన్ చట్టం ఆర్టికల్ 137 వర్తిస్తుందని తేల్చింది. ‘ఇస్తామన్నారు, ఇస్తామన్నారు’ అని నాలుగేళ్లు ఎదురుచూసి వస్తే నాలాంటి వాళ్లం చేయగలిగింది పెద్దగా ఉండదు. చెక్కు ఇస్తే తీసుకోండి, రసీదు మీద ‘అభ్యంతరంతో తీసుకున్నాను’ అని మీ చేతిరాతతో రాయండి.

ప్రశ్న: నాది పై వాటికి తిరగేసిన కేసు. నా స్థలం మీదుగా ముప్పై ఏళ్ల నాటి 11 కేవీ లైను ఉంది. ఇల్లు కట్టుకోవాలి, జరపమని అడిగితే ఎస్టిమేట్ ఇచ్చారు, డబ్బు కట్టాను. ఇప్పుడు పక్క స్థలం ఆయన తన హద్దు మీద స్తంభం వేయొద్దని కలెక్టర్‌కు అర్జీ పెట్టాడు, పని ఆగిపోయింది. డబ్బు కట్టించుకున్నాక ఆపడం అన్యాయం కాదా?

జవాబు: మీ బాధ అర్థమైంది గానీ ఆయన కోపం కూడా అర్థం చేసుకోండి. లైను ఉందని తెలిసిన స్థలం మీది, లేదని తెలిసిన స్థలం ఆయనది. మీరు కట్టిన డబ్బు తీగలకూ స్తంభాలకూ కూలీకీ, పక్కాయన భూమికి కాదు. అందుకని ముందు కొత్త రూటు మీ హద్దులోపలే పట్టేటట్టు రీ ఎస్టిమేట్ అడగండి. 11 కేవీకి మీ గోడ నుంచి పక్కకు 1.2 మీటర్లు, పైనుంచి 3.7 మీటర్లు ఖాళీ ఉంటే చాలు. ఇంటి ప్లాన్ రెండడుగులు వెనక్కి జరిపితే గొడవే లేకుండా పోయే సందర్భాలు చాలా ఉంటాయి, మేస్త్రీతో టేపు పట్టించి చూడండి. అది కుదరకపోతే కలెక్టర్ దగ్గర పక్కాయన అర్జీ మీద విచారణ త్వరగా పెట్టమని మీరూ ఒక అర్జీ ఇవ్వండి. మీ కట్టడం నిజంగా ఆగిపోయిందని, వేరే దారి లేదని, ఆయనకు రావాల్సిన పరిహారం ఇవ్వడానికి సిద్ధమని రాస్తే మొగ్గు మీవైపు రావచ్చు.

అభ్యంతరం ఏదీ లేకుండానే సంస్థ పని నానుస్తుంటే మాత్రం విద్యుత్ చట్టం సెక్షన్ 42(5) కింద ఉన్న వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదికకు రాయండి, అక్కడ తృప్తి లేకపోతే విద్యుత్ అంబుడ్స్‌మన్ ఉన్నారు. ఈ రెండు చోట్లా వకీలు అక్కర్లేదు. లైను జరగకముందే పిల్లర్లు లేపడం మాత్రం వద్దు, పైన తీగలుండగా ఇనుప చువ్వలు ఎత్తుతూ పోయిన ప్రాణాలు చాలా ఉన్నాయి.

ప్రశ్న: నేను కౌలు రైతును. లైను జరుపుతూ నేను వేసిన పత్తిలోంచి ట్రాక్టర్ తోలారు. పరిహారం పట్టాదారుకే ఇస్తామంటున్నారు.

జవాబు: పంట మీదైతే పంట నష్టం మీదే. 2006 రూల్స్ యజమానితో పాటు భూమి స్వాధీనంలో ఉన్నవారి గురించీ మాట్లాడతాయి, టెలిగ్రాఫ్ చట్టమైతే ‘ఆ ఆస్తిలో ప్రయోజనం ఉన్న అందరికీ’ పూర్తి పరిహారం అంటుంది. కౌలు కాగితం ఉంటే సరే, లేకపోతే విత్తనాలు, ఎరువుల బిల్లులు, వ్యవసాయ శాఖ పంట నమోదు, పక్క రైతుల వాంగ్మూలం చూపించండి. పట్టాదారుతో కూర్చుని పంట డబ్బు మీకు, భూమి డబ్బు ఆయనకు అని ఒక కాగితం రాసుకుని ఇద్దరూ కలిసి అర్జీ ఇస్తే పని తొందరగా అవుతుంది.

ప్రశ్న: లైను వేశాక ఆ కింది భూమి ఇక సంస్థదేనా? సాగు చేసుకోవచ్చా, బోరు వేసుకోవచ్చా?

జవాబు: భూమి మీదే. వాళ్లకు వాడుకునే హక్కు మాత్రమే వస్తుంది, పాసుపుస్తకంలో విస్తీర్ణం తగ్గకూడదు, తగ్గిస్తే వెంటనే తహసీల్దారుకు రాయండి. వరి, పత్తి, పెసర, కూరగాయలు హాయిగా వేసుకోవచ్చు. కొబ్బరి, టేకు, సుబాబుల్ లాంటి ఎత్తు పెరిగేవి వద్దు. పొలాల్లో 33 కేవీ తీగ నేలకు కనీసం 5.2 మీటర్ల ఎత్తులో ఉండాలి, 11 కేవీ అయితే 4.6. అంతకంటే కిందికి వేలాడుతుంటే ఫొటో తీసి సెక్షన్ ఆఫీసులో రాతపూర్వకంగా ఇవ్వండి, లైన్‌మన్‌కు నోటిమాటగా చెప్పి వదిలేయకండి. గడ్డివాము తీగల కింద వేయొద్దు. బోరు మాత్రం వీలైనంత వరకు కారిడార్ బయట వేసుకోండి, ఎందుకంటే బోరు లారీ రిగ్గు నిలువుగా లేస్తే ఆ ఎత్తు దాటేస్తుంది, తర్వాత మోటారు పైపులు బయటికి లాగిన ప్రతిసారీ అదే ప్రమాదం. తప్పనిసరై అక్కడే వేయాల్సి వస్తే ముందురోజు ఏఈ ఆఫీసులో రాసిచ్చి, లైన్‌మన్ వచ్చి ఎల్‌సీ (లైన్ క్లియర్, అంటే ఆ లైనులో కరెంటు ఆపించడం) తీసుకున్నాకే రిగ్గు లేపించండి.